బతకడానికొచ్చిందట

నాకు ఫ్రెంచి వచ్చు. ఇదేం గొప్ప కాదు, యానాంలో నా ఈడువాళ్ళలో చాలామందికి వచ్చు. ఇంట్లో గోదావరి తెలుగు మాట్లాడుకుంటూ, బడికి వెళ్ళి మాత్రం మంచు ఎలా కురుస్తుందో ఫ్రెంచిలో అప్పజెప్పిన పిల్లలం మేం. మంచు మా మేష్టారూ చూసి ఎరగరు. తర్వాత పాండిచ్చేరిలో ఎమ్మే చేశాను. పెళ్ళయి ఫ్లోరిడా వచ్చాక ఒక హైస్కూల్లో పార్ట్ టైం ఫ్రెంచి టీచరుగా చేరాను. ఆ ఫ్రెంచి వల్లే ఎనభైల మొదట్లో ఒక వేసవిలో ఆ దీవికి వెళ్ళాను.

దీవి పేరు రాయను. అక్కడా అమెరికా జెండానే, అమెరికా డాలరే, కాకపోతే ఫ్లోరిడా నుంచి సముద్రం దాటి విమానంలో వెళ్ళాలి. వచ్చేపోయేవాళ్ళ కంటపడకూడని సామాను పెరట్లో పడేస్తాం చూడండి, ఈ దేశానికి ఆ దీవి అలాంటి పెరడు. హైతీ నుంచి చెక్క పడవల్లో వచ్చి, మా దేశంలో ఉంటే చంపేస్తారు, ఇక్కడ తలదాచుకోనివ్వండి అని అడిగినవాళ్ళని పట్టుకెళ్ళి, అక్కడ ఒక పాత మిలిటరీ స్థలంలో ముళ్ళకంచె వెనక పెట్టారు. ఫ్లోరిడాలోనే ఉంచితే లాయర్లు వస్తారు, పేపరువాళ్ళు వస్తారు, చుట్టాలెవరైనా వస్తారు. దీవిదాకా ఎవరొస్తారు? ఆ లెక్క వేసినవాడు తెలివితక్కువవాడేం కాదు.

హైతీవాళ్ళు ఫ్రెంచి మాట్లాడతారని ఎవరో పెద్దమనిషి తేల్చాడు కాబట్టి, వాళ్ళ మాట ఇంగ్లీషులో చెప్పే దుబాసీలుగా ఫ్రెంచి వచ్చినవాళ్ళు కావాలని కబురొచ్చింది. స్కూలుకి సెలవులు. మా ఆయన ఇంజినీరు, ఆయన ఉద్యోగం అప్పట్లో ఊగిసలాడుతోంది. వెళ్తానన్నాను.

తీరా వెళ్తే అక్కడ ఎవరికీ ఫ్రెంచి రాదు. హైతీలో ఫ్రెంచి మాట్లాడేది జడ్జీలూ, పెద్ద ఆఫీసర్లూ. పడవెక్కినవాళ్ళు మాట్లాడేది క్రియోల్. అది ఫ్రెంచికి చుట్టమే, కానీ పలకరింపుల్లేని చుట్టం. మొదటిరోజు ఆడవాళ్ళ డేరాలోకి వెళ్ళి, పాండిచ్చేరిలో నేర్చుకున్న నాజూకు ఫ్రెంచిలో అందరికీ నమస్కారం చెప్పాను. గబుక్కున అందరూ లేచి నిలబడి తలలు దించుకున్నారు. ఒకావిడ బిడ్డని తన వెనక్కి లాక్కుంది. వాళ్ళ ఊళ్ళో ఇంటికొచ్చి ఫ్రెంచి మాట్లాడేవాడు ఏదో ఒకటి పట్టుకుపోవడానికే వస్తాడని తర్వాత తెలిసింది. నా ఎమ్మేని ఆ రోజే మడిచి పెట్టెలో పెట్టేసి, బట్టలుతికే కుళాయిల దగ్గర కూర్చుని క్రియోల్ నేర్చుకోవడం మొదలుపెట్టాను.

నేర్పింది ఒకావిడ. నాకంటే కొంచెం చిన్నది, సన్నగా పొడుగ్గా ఉండేది, నోరు మాత్రం నాకంటే పెద్దది. నేను ఒక్కో మాట కూడబలుక్కుని చెబుతుంటే పొట్ట పట్టుకుని నవ్వేది. నాకు 'మదాం ఫ్రాన్స్' అని పేరు పెట్టింది. నేను ఫ్రాన్స్ మొహం చూడలేదు తల్లీ, గోదావరి పక్కదాన్ని అంటే, అయితే ఇంకా సిగ్గుచేటు అనేది.

ఆ శిబిరం గురించి మర్యాదగా రాయడం నా చేతకాదు. మనుషుల్ని పేర్లతో పిలిచేవారు కాదు, చేతికి కట్టిన ప్లాస్టిక్ పట్టీ మీది నంబరుతో పిలిచేవారు. డేరాల్లో పగలు కూర్చోలేం, సాయంత్రమైతే దోమలతో బయట నిలబడలేం. తడిబట్టలు కంచె మీద ఆరేస్తే కాపలావాళ్ళకి లోపల ఏం జరుగుతోందో కనబడదట, అందుకని లాగి మట్టిలో పడేసేవారు. తీగముక్కలు వంచి దువ్వెనలు చేసుకుంటే ఆయుధాలని పట్టుకుపోయారు. మరి దువ్వెనలు మీరివ్వండి అని అడిగాను. పైనుంచి అనుమతి రావాలన్నారు. నేనున్నన్నాళ్ళూ ఆ అనుమతి రాలేదు, పైన ఎవరికీ జుట్టు లేదు కాబోలు. ఇది జైలా అని ఎవరైనా అడిగితే కాదు, కాదు అని కంగారుపడేవారు. జైలైతే శిక్ష ఎన్నాళ్ళో ముందే చెప్పాలి కదా.

అక్కడ ఇంకో తెలుగు మనిషి ఉన్నారు. కాంట్రాక్టు మీద వచ్చిన డాక్టరుగారు, గుంటూరు వైపు ఆయన, నాకంటే పదేళ్ళు పెద్ద. చెడ్డవాడని చెప్పి తప్పించుకోవాలని ఉంది గానీ, చెడ్డవాడు కాదు. హస్తవాసి మంచిది. రోగుల్ని కసురుకునేవారు కాదు. ఆదివారం తన ట్రైలర్లో పప్పు వండి, వాళ్ళావిడ సీసాలో పెట్టి పంపిన గోంగూర పచ్చడి తీసి, "అమ్మా, తెలుగు కూడు తిందువు గానీ రా" అని పిలిచేవారు. ఆ ముళ్ళకంచె పక్కన గోంగూర వాసన వస్తే నాకు కళ్ళనీళ్ళు తిరిగేవి. ఆయన ముందు తెలుగు మాట్లాడుతుంటే ఊపిరాడినట్టుండేది.

కుళాయి దగ్గరే ఆవిడ తన కథ చెప్పింది. మొగుడు రేడియోలు బాగుచేసేవాడు. కొట్లో కూర్చుని పైదేశం స్టేషను పెట్టేవాడు, అందులో వాళ్ళ అధ్యక్షుడి మీద వార్తలొచ్చేవి, నలుగురూ గుమిగూడి వినేవారు. ఒకరోజు ఆ అధ్యక్షుడి మనుషులు, నల్ల కళ్ళద్దాలవాళ్ళు వచ్చి రేడియోల్ని నేలకేసి కొట్టి, అతన్ని జీపులో ఎక్కించుకుపోయారు. అతని కోసం ఈవిడ వాళ్ళ ఠాణాకి వెళ్ళి అడిగితే, "రేపు రా, నిన్నూ లోపలికి పంపిస్తాం" అన్నారు. ఇంటికి తిరిగొచ్చేసరికి తలుపు విరిచేసి ఉంది. గడప తొక్కలేదు. అటునుంచటే సముద్రం వైపు నడిచింది. ఇదంతా నవ్వకుండా, బట్టలు పిండుతూ చెప్పింది.

ఇక్కడొక నియమం చెప్పాలి. ప్రాణభయంతో వచ్చామని నమ్మించగలిగితే ఆశ్రయం. పొట్టకూటికి వచ్చారని తేలితే వెనక్కి వెళ్ళే విమానం. రెంటిలో ఏదన్నది తేల్చేది ఒక్క ఇంటర్వ్యూ. వెనక్కి వెళ్తే నల్ల కళ్ళద్దాలవాళ్ళు ఎయిర్‌పోర్టులోనే ఉంటారని ఆవిడకి తెలుసు, నాకూ తెలుసు.

ఆవిడ వంతు వచ్చేసరికి ఒళ్ళు కాలిపోతోంది. అందుకని ఇంటర్వ్యూ డాక్టరుగారి షెడ్డులోనే పెట్టారు. ఆఫీసరు ఫ్లోరిడా నుంచి వచ్చినవాడు, మెడంతా ఎండకి కందిపోయి ఉంది. ఎంత తొందరగా ముగిస్తే అంత తొందరగా ఇంటికి పోతానన్న సంగతి మొహం మీదే ఉంది. పెద్ద వాక్యాలంటే అతనికి చిరాకు. నేను నోరు తెరిస్తే చాలు, "షార్ట్‌గా, మేడమ్" అనేవాడు.

మొదటి ప్రశ్న ఎవరికైనా ఒకటే. మీ దేశం ఎందుకు వదిలి వచ్చావు?

"షాషే లావీ" అంది ఆవిడ.

షాషే అంటే వెతుక్కోవడం. లావీ అంటే ప్రాణం, జీవితం, బతుకు. "జీవితం కోసం వెతుక్కుంటూ వచ్చానంటోంది" అని ఉన్నదున్నట్టు ఇంగ్లీషులో చెప్పాను. ఆఫీసరు పెన్ను కింద పెట్టాడు. "ఇదేంటి, చర్చిలో పాటా?" అన్నాడు. వివరిస్తానన్నాను. వద్దన్నాడు. పక్కన సిరంజీలు సర్దుకుంటున్న డాక్టరుగారి వైపు తిరిగి, "డాక్, మీ ఇద్దరిదీ ఒకటే భాషట కదా. ఈ మేడమ్ దగ్గర నాకో సూటి జవాబు రాబట్టండి" అన్నాడు.

డాక్టరుగారు నావైపు చూసి, "ఏమంటుందమ్మా ఆమె?" అన్నారు.

"బతకడానికొచ్చానంటోందండి" అన్నాను.

"ఆహా, బతకడానికొచ్చిందట" అని తనలో తను అనుకుని, ఆఫీసరుతో ఇంగ్లీషులో, "షి కేమ్ టు మేక్ ఎ లివింగ్" అన్నారు.

ఆఫీసరు మొహం విప్పారింది. ఇంత చిన్న వాక్యం ఆ రోజంతా అతనికి దొరికి ఉండదు. రాసేసుకున్నాడు.

నేను చెప్పింది తప్పు కాదు. ఇప్పటికీ కాదనే అంటాను. పిల్లాడు తుమ్మితే నూరేళ్ళు బతుకు అంటాం, ఆ బతుక్కి జీతమెంత అని ఎవరైనా అడుగుతారా? బతికుంటే బలుసాకు తినొచ్చు అంటాం. అందులో ముందు బతకడం, తర్వాతే బలుసాకు. కానీ అదే మాటని పొరుగూరి నుంచి వచ్చినవాడి మీదికి తిప్పి, బతకొచ్చినవాళ్ళు అని మూతి విరుస్తాం. డాక్టరుగారికి ఆ క్షణంలో గుర్తొచ్చింది ఆ మూతివిరుపు బతుకు. ఎదురుగా నల్లటి ఆడది, కట్టుబట్టలతో పడవెక్కి వచ్చింది, ఇంక వేరే అర్థం ఆయనకి తట్టలేదు. ఫ్రెంచివాడైనా, పంజాబీ అయినా ఈ పొరపాటు చేసి ఉండేవాడు కాదు. దానికి ఇద్దరు తెలుగువాళ్ళే కావాల్సొచ్చింది.

"కాదు, అలా కాదు" అని నేను అడ్డుపడ్డాను. రేడియో కొట్టు సంగతి, జీపు సంగతి, విరిగిన తలుపు సంగతి గబగబా చెప్పాను. ఆఫీసరు విన్నాడు. "ఈవిడని ఎవరైనా కొట్టారా?" అన్నాడు. ఎవరూ కొట్టలేదంది ఆవిడ. కొట్టేదాకా ఆగలేదు కదా మరి. "డాక్టరు చెప్పింది స్పష్టంగా ఉంది" అని అతను లేచిపోయాడు. ఆవిడకి ఇంగ్లీషు ముక్క రాదు. నా మొహం, డాక్టరుగారి మొహం, మళ్ళీ నా మొహం మార్చి మార్చి చూసింది.

మర్నాడు ఆ ఆఫీసరు పైవాడి దగ్గరకి వెళ్ళి అరిచాను. అరిచాను అంటే నిజంగానే. ఆయన అంతా విని, నీది కేవలం దుబాసీ పని, నీ మాట మీద ఫైలు తిరిగి తెరవలేను, డాక్టరు వచ్చి తనే పొరపాటుగా చెప్పానని ఒక్క మాట అంటే మళ్ళీ ఇంటర్వ్యూ పెట్టిస్తాను అన్నాడు. నాకు ప్రాణం లేచొచ్చింది. ఒక్క మాట. మా డాక్టరుగారు అనలేని మాటా అది?

ఆదివారం ట్రైలర్లో ఆయన పప్పు వడ్డిస్తుండగా అడిగాను.

"ఇందులో నా తప్పేముందమ్మా? నువ్వు చెప్పిందే చెప్పా."

"నేను బతకడానికి అన్నానండి. బతికి బట్టకట్టడానికి అని నా ఉద్దేశం. మొగుణ్ణి పట్టుకుపోయారు, రేపు ఆవిణ్ణీ పట్టుకుపోతారు. పొట్టకూటికి రాలేదండి ఆవిడ."

"మరి ఆ మాట అప్పుడే అనకపోయావా?"

"అన్నాను. వినలేదు అతను. ఇప్పుడు మీరంటే అతని పైఆఫీసరు వింటానంటున్నారు. నాకు సరిగ్గా అర్థం కాలేదు అని ఒక్క మాట చెప్పండి చాలు."

ఆయన నా కంచంలో నెయ్యి వేశారు. తర్వాత మెల్లగా, చిన్నపిల్లకి నచ్చజెప్పినట్టు మొదలుపెట్టారు. "చూడమ్మా. నా గ్రీన్ కార్డు ఇంకా ప్రాసెస్‌లో ఉంది. ఈ కాంట్రాక్టు వాళ్ళే స్పాన్సర్ చేస్తున్నారు. ఇప్పుడు నేను వెళ్ళి, గవర్నమెంటు ఆఫీసరుకి తప్పు చెప్పానంటే ఏమనుకుంటారు? రేపు నా మెడికల్ రిపోర్టులు మాత్రం నమ్ముతారా? ఇద్దరు పిల్లలు నాకు. ఆమెకి మందిచ్చాను, జ్వరం తగ్గించాను. అంతవరకే నా డ్యూటీ."

"వెనక్కి పంపితే చంపేస్తారండి."

"అది వాళ్ళ దేశం గొడవ. మనం బతకడానికొచ్చాం తల్లీ. మనకెందుకివన్నీ."

నాకు ఒళ్ళు మండిపోయింది. ఆయన అన్న మాట ఆయనకే వినబడలేదు. ఎంత సహజంగా వచ్చిందో ఆ మాట, పప్పు కలుపుకుంటూ, ముద్ద నోట్లో పెట్టుకుంటూ. నేను సగం అన్నంలో లేచి చెయ్యి కడిగేసుకున్నాను. అన్నం ముందునుంచి లేవకూడదని మా అమ్మ చిన్నప్పుడు వీపు మీద రెండిచ్చి మరీ నేర్పింది. ఆయన నిజంగానే నొచ్చుకున్నారు. "పచ్చడన్నా తిని వెళ్ళమ్మా" అన్నారు.

"ఆ మాట ఆఫీసరుతో అనండి డాక్టరుగారూ. మీరు బతకడానికొచ్చారని. ఆవిడ కోసం తెచ్చిన విమానంలో మిమ్మల్ని కూడా ఎక్కిస్తాడేమో చూద్దాం" అన్నాను.

పెద్దవాళ్ళతో అలా మాట్లాడేదాన్ని కాదు నేను. ఆ తర్వాత ఆయన నన్ను భోజనానికి పిలవలేదు, నేను పలకరించనూ లేదు. శిబిరంలో ఉన్న ఇద్దరు తెలుగువాళ్ళం తెలుగు మానేశాం.

నేను రోజూ వెళ్ళి పైవాడి గది బయట నిలబడేదాన్ని. నాలుగైదుసార్లయ్యాక లోపలికి రానివ్వడం మానేశాడు. నీ కాంట్రాక్టు ఈ నెలతో సరి అని కబురు పంపించాడు. మా ఆయన ఫోనులో, "పోనీలే, వచ్చెయ్" అన్నారు. పోనీలే అన్న మాట కూడా అప్పుడు నాకు పడలేదు, ఆయన మీదా అరిచాను.

వెనక్కి పంపేవాళ్ళ పేర్లు పిలిచిన రోజు ఆవిడ కుళాయి దగ్గర ఉంది. పేర్లు కాదు, నంబర్లు. ఆవిడ నంబరు మైకులో వినబడింది. చేతిలో బట్ట అలాగే పెట్టుకుని నావైపు చూసింది. నేనే చెప్పాలి కాబట్టి చెప్పాను. విమానం రేపని చెప్పాను.

"నువ్వు వాళ్ళకేం చెప్పావు?" అంది.

"నువ్వు చెప్పిందే చెప్పాను. లావీ అని చెప్పాను."

"మరి?"

ఆ మాట మా భాషలోంచి వెళ్ళేటప్పుడు దారి తప్పిందని చెప్పాలని చూశాను. నా క్రియోల్ చాలలేదు. ఏడుపొచ్చింది, కోపంతో వచ్చిన ఏడుపు అది. ఆవిడ ఏడవలేదు. తడిబట్ట తీసుకెళ్ళి ముళ్ళకంచె మీద పరిచి ఆరేసింది. కాపలావాడు కేకేశాడు, పట్టించుకోలేదు. ఆ తర్వాత నా దగ్గరకొచ్చి కూర్చుంది.

"మదాం ఫ్రాన్స్, నీది కూడా ఈ దేశం కాదు కదా. నువ్వెందుకొచ్చావు?"

అబద్ధం చెప్పబుద్ధి కాలేదు. "షాషే లావీ" అన్నాను.

ఆవిడ నవ్వింది. నా ఉచ్చారణకి నవ్విందో, మాటకి నవ్విందో తెలియదు. తర్వాత, నిజంగానే తెలుసుకోవాలని అడిగినట్టు అడిగింది. "మరి నిన్నెందుకు ఉంచుకున్నారు?"

మర్నాడు బస్సు ఎక్కించేటప్పుడు దుబాసీలని గేటు దగ్గరకి రానివ్వలేదు. తర్వాత ఆవిడ ఏమైందో నాకు తెలియదు. ఎవర్నడగాలో కూడా తెలియదు. ఆ దీవికీ, డాక్టరుగారికీ, ఆ కందిపోయిన మెడకీ నేను పెట్టిన శాపనార్థాలు ఇక్కడ రాస్తే కాగితం చాలదు, తగలలేదు కూడా. డాక్టరుగారికి గ్రీన్ కార్డు వచ్చిందని, పెద్ద ఊళ్ళో ప్రాక్టీసు పెట్టారని ఎవరింట్లోనో భోజనాల్లో విన్నాను. మంచి డాక్టరని అందరూ అంటారు. నిజమే.

కొన్నేళ్ళకి మా సిటిజన్‌షిప్ ఇంటర్వ్యూలు వచ్చాయి. మా ఆయన ముందు వెళ్ళి నవ్వుకుంటూ బయటికొచ్చారు. నేను ప్రెసిడెంట్ల పేర్లూ, రాజ్యాంగం ప్రశ్నలూ బట్టీపట్టి వెళ్ళాను. లోపల ఆఫీసరు పెద్దాయన, తల నెరిసింది, గొంతు మెత్తగా ఉంది. నాలుగు ప్రశ్నలడిగాడు, చెప్పాను. ఇంక అయిపోయినట్టే కాగితాలు సర్దుకుంటూ, పరీక్షలా కాదు, ఊరికే మాట కలపడానికి, "ఇంతకీ మీరు ఈ దేశానికెందుకొచ్చారు?" అన్నాడు.

మా ఆయన ఉద్యోగం కోసం అనొచ్చు. చదువు అనొచ్చు. స్వేచ్ఛ అంటే ఇంకా సంతోషిస్తారని మావాళ్ళు చెప్పి పంపించారు కూడా. నాకు కుళాయి గుర్తొచ్చింది, కంచె మీద తడిబట్ట గుర్తొచ్చింది. పంపిస్తే పంపించనీ అనుకున్నాను. కుర్చీలో ముందుకు జరిగి, అతని కళ్ళలోకి చూస్తూ, డాక్టరుగారు అన్న మాటే ఒక్క అక్షరం మార్చకుండా అన్నాను.

"టు మేక్ ఎ లివింగ్."

అతను తలెత్తి చూశాడు. నేను ఎదురుచూశాను.

"అందుకేగా ఈ దేశం ఉన్నది" అని నవ్వి, స్టాంపు వేశాడు.